నీలం డబ్బాలో ఉత్తరం వేయకండి

మొన్నొక రోజు పొద్దున్నే టొరంటో డౌన్‌టౌన్‌లో ఉత్తరం పోస్టు చేద్దామని బయల్దేరాను. వీధి మొగలో ఎప్పుడూ ఉండే ఎర్ర డబ్బా కనిపించలేదు. దాని మీద నల్లగుడ్డ కప్పి, ముందు ఒక వ్యాను నిలిపారు. నాలుగడుగుల అవతల కొత్తగా ఒక నీలం డబ్బా వెలిసింది. పసుపుపచ్చ టాక్సీలు వరసగా ఆగి ఉన్నాయి. నంబరు ప్లేట్ల మీద న్యూయార్క్ అని ఉంది. నేను పరధ్యానంగా ఆ నీలం డబ్బా మూత ఎత్తాను. వాకీటాకీ పట్టుకున్న ఒకమ్మాయి పరిగెత్తుకొచ్చి ఆపింది. "అందులో వేయకండి సార్, అది షూటింగ్ కోసం పెట్టింది. మీ ఉత్తరం ఎక్కడికీ పోదు" అంది.

ఆ మాట నన్ను రెండు వారాలుగా వదలడం లేదు. ఈ హెచ్చరిక అందుకే రాస్తున్నాను. కెనడాలో స్థిరపడిన తెలుగు కుటుంబాలు చదవాలి. యానిమేషన్, వీఎఫ్ఎక్స్ చదువులకని ఇక్కడికి రాబోతున్న పిల్లలు చదవాలి. అక్కడ హైదరాబాద్‌లో సినిమానే నమ్ముకున్నవాళ్లూ చదవాలి. భయపెట్టాలని కాదు, ముందే తెలిస్తే తప్పించుకోగలిగిన నష్టం ఇది.

విషయం ఇదీ. డిస్నీ, వార్నర్, పారమౌంట్, యూనివర్సల్, సోనీ అనే పాత పెద్ద స్టూడియోలు, వాటి సరసన చేరిన నెట్‌ఫ్లిక్స్, అమెజాన్, యాపిల్. మనం రాత్రి భోజనాల తర్వాత ఏం చూస్తామో, ఎవరి కథ చూస్తామో, ఆ కథకు ఏ ఊరి పేరు పెడతారో చాలావరకు ఈ కొద్దిమందే తేలుస్తున్నారు. వాళ్లు తీసేవాటిలో మంచివి బోలెడున్నాయి. నేనూ చూస్తాను, మా ఇంట్లోనూ చందాలు కడుతున్నాం. వాళ్లను రాక్షసులని తిట్టడం నా ఉద్దేశం కాదు. వ్యాపారి తన వ్యాపారం చూసుకుంటాడు. మన ఇల్లు మనం చూసుకుంటున్నామా అన్నదే నా బెంగ.

ముందు ఇక్కడి పద్ధతి అర్థం చేసుకోండి. వాంకూవర్‌ను, టొరంటోను ఉత్తరాది హాలీవుడ్ అంటారు. న్యూయార్క్ లాయర్ల కథ 'సూట్స్' తీసింది టొరంటోలో. 2002లో వచ్చి ఆస్కార్ కొట్టిన 'షికాగో' తీసిందీ టొరంటోలోనే. జాకీ చాన్ 'రంబుల్ ఇన్ ది బ్రాంక్స్' చాలామంది చూసే ఉంటారు. అందులో న్యూయార్క్ వీధుల వెనక కొండలు కనిపిస్తాయి. బ్రాంక్స్‌లో కొండలెక్కడివి? అవి వాంకూవర్ కొండలు. వీధికి వేషం వేశారు గానీ కొండలకు వేయలేకపోయారు.

ఈ వేషం వెనక లెక్క ఉంది. విదేశీ స్టూడియో ఇక్కడికొచ్చి షూటింగ్ చేస్తే, ఇక్కడివాళ్లకిచ్చిన జీతాల్లో 16 శాతం కేంద్ర ప్రభుత్వం పన్ను రాయితీగా తిరిగిస్తుంది. దానిపైన రాష్ట్రాల రాయితీ వేరే. ఒంటారియో 21.5 శాతం ఇస్తుంది. బ్రిటిష్ కొలంబియా 2025 జనవరి 1 నుంచి తన రాయితీని 28 నుంచి 36 శాతానికి పెంచింది. పైగా కెనడా డాలరు చవక. అందుకే వస్తున్నారు. వడ్రంగులు, ఎలక్ట్రీషియన్లు, డ్రైవర్లు, మేకప్ వాళ్లు, వంటవాళ్లు, కంప్యూటర్ల ముందు కూర్చునే పిల్లలు, ఇలా వేల కుటుంబాలకు దీనివల్ల అన్నం దొరుకుతోంది. ఆ అన్నాన్ని నేను తక్కువ చేయను.

కానీ పల్లె నుంచి వచ్చినవాళ్లకు ఒక తేడా చెప్పనక్కర్లేదు. కూలి వేరు, గింజ వేరు. పొలంలో నాట్లేసినందుకు కూలి వస్తుంది. పంట ఎవరి గాదెలోకి వెళ్తుందో, వచ్చే ఏడు ఏ విత్తనం వేయాలో చెప్పేది పొలం గలవాడు. కెనడా సినిమా రంగంలో ఏటా జరిగే పనిలో దాదాపు సగం ఈ కూలిపనే. కూలి బాగుంది. గింజ మాత్రం లాస్ ఏంజెలెస్ గాదెకు పోతోంది.

ఇది నిన్నమొన్నటి సంగతి కాదు. 1920లో కెనడాలో ఫేమస్ ప్లేయర్స్ అనే థియేటర్ల సంస్థ పెట్టారు. 1930కల్లా దాని పగ్గాలు పారమౌంట్ చేతికి వెళ్లాయి. సినిమా తీసేవాడే థియేటరు యజమాని అయితే పక్కవాడి సినిమాకు ఆట దొరుకుతుందా? మన ఊళ్లలో చిన్న నిర్మాతలనడిగితే ఈ ప్రశ్నకు జవాబు నిద్రలో లేపినా చెప్తారు. అనుమానమొచ్చి 1931లో ప్రభుత్వం విచారణ జరిపించింది, కేసు కోర్టుకెక్కింది, 1932లో కొట్టేశారు. 2005లో సినీప్లెక్స్ కొనేదాకా ఆ థియేటర్లు అమెరికా స్టూడియో నీడలోనే ఉన్నాయి. అంటే 75 ఏళ్లు.

ఇంకో ముచ్చట వినండి. రెండో ప్రపంచయుద్ధం తర్వాత కెనడాకు అమెరికా డాలర్ల కొరత వచ్చింది. హాలీవుడ్ సినిమాల ద్వారా బయటికి పోయే డబ్బును ఆపుదామా, ఇక్కడ సినిమాలు తీయమని షరతు పెడదామా అని ఒట్టావాలో మాట నడిచింది. స్టూడియోలు ఒక తియ్యటి బేరం తెచ్చాయి. షరతులొద్దు, మా సినిమాల్లో మీ దేశం పేరు పలికిస్తాం, దాంతో మీకు టూరిస్టులొస్తారు అన్నాయి. 1948లో మొదలైన ఆ ఒప్పందం పదేళ్లు నడిచింది. 1952 నాటి ఒక కౌబాయ్ సినిమాలో రాత్రిపూట పిట్టకూత వినిపిస్తే, అది కెనడా నుంచి వచ్చిన పిట్ట అని ఒక పాత్ర చేత అనిపించారు. దేశం తన సినిమా పరిశ్రమను పెంచుకునే అవకాశం వదులుకుంటే దక్కింది ఒక పిట్ట పేరు.

1987లో ఫ్లోరా మెక్‌డొనాల్డ్ అనే మంత్రి కెనడాలో సినిమాల పంపిణీ హక్కులు కొన్నైనా కెనడా వాళ్లకు దక్కాలని చట్టం ప్రతిపాదించారు. హాలీవుడ్ తరఫున జాక్ వాలెంటీ గట్టిగా అడ్డుపడ్డారు. అమెరికాతో స్వేచ్ఛా వాణిజ్య ఒప్పందం మాటలు నడుస్తున్న కాలమది. బిల్లు నీరుగారింది, 1988 ఎన్నికలతో చచ్చిపోయింది. గట్టిగా అడిగినప్పుడల్లా ఏదో ఒక పెద్ద బేరం అడ్డొస్తుంది. ఇది గుర్తుంచుకోండి, మళ్లీ ఇప్పుడు అదే జరుగుతోంది.

అసలు స్టూడియోల పద్దులో కెనడా అనే దేశమే లేదు. అమెరికా, కెనడా వసూళ్లు కలిపి 'డొమెస్టిక్' అని ఒకే గడిలో రాసుకుంటారు. మనవాళ్లకిది కొత్తగా ఉండదు. తెలుగు సినిమా ప్రీమియర్లు పడగానే 'నార్త్ అమెరికా ఇంత మిలియన్' అని పోస్టరు వేస్తారు కదా. అందులో బ్రాంప్టన్‌ది ఎంతో, డాలస్‌ది ఎంతో ఎవరు చెప్తారు? లెక్కలో కనిపించనివాడి అభిరుచి ఎవరికీ పట్టదు.

సరే, పాత కథలు చాలు. ఇప్పుడున్న ప్రమాదాలు ఒక్కొక్కటిగా చెప్తాను.

మొదటిది ఉద్యోగం. నాకు తెలిసిన కుర్రాడొకడు గుంటూరు జిల్లా నుంచి వచ్చాడు. తండ్రి పొలం తాకట్టు పెట్టి పంపాడు. డిప్లొమా చేశాడు, వాంకూవర్‌లో ఒక వీఎఫ్ఎక్స్ కంపెనీలో చేరాడు. ఆరునెలల కాంట్రాక్టు. సినిమా పూర్తికాగానే ఇంకో ఆరునెలలు అన్నారు. ఆ ఇంకో సినిమా రానేలేదు. వర్క్ పర్మిట్ గడియారం మాత్రం ఆగదు కదా. మా ఇంటికి భోజనానికొచ్చి, పప్పన్నం కలుపుతూ కలుపుతూ చెయ్యి ఆపేసి, "అంకుల్, నా పనిలో తప్పు లేదు, అయినా ఎందుకు పోయింది?" అని అడిగాడు.

నాయనా, నీ తప్పు లేదు. నీ ఉద్యోగం తాడు నీ దేశంలోనూ లేదు, ఈ దేశంలోనూ లేదు. 2023 మే 2న అమెరికాలో రచయితలు, జూలై 14న నటులు సమ్మెకు దిగారు. నవంబర్ 9 దాకా వ్యవహారం తేలలేదు. ఆ గొడవలో ఏ పాత్రా లేని వాంకూవర్, టొరంటో ఫ్లోర్లు నెలల తరబడి తాళాలేసుకున్నాయి. 2024 మార్చి బడ్జెట్లో క్విబెక్ ప్రభుత్వం వీఎఫ్ఎక్స్ కాంట్రాక్టుల ఖర్చులో 65 శాతానికే రాయితీ లెక్కగడతామని ఒక్క వాక్యం రాసింది. మాంట్రియల్‌లో ఉద్యోగాలు రాలిపోయాయి. 2025 ఫిబ్రవరిలో టెక్నికలర్ అనే పెద్ద వీఎఫ్ఎక్స్ సంస్థ కుప్పకూలింది. దాని కింద ఉన్న ఎంపీసీ మాంట్రియల్‌లో మూతపడింది. ఆ దెబ్బ బెంగళూరు, ముంబయి దాకా తగిలింది. 2025 జూలైలో కాలిఫోర్నియా తన రాయితీల మొత్తాన్ని ఏటా 33 కోట్ల డాలర్ల నుంచి 75 కోట్లకు పెంచుకుంది. అదే ఏడు మే నెలలోనూ మళ్లీ సెప్టెంబర్లోనూ అమెరికా అధ్యక్షుడు ట్రంప్ బయటిదేశాల్లో తీసే సినిమాల మీద 100 శాతం సుంకం వేస్తానన్నారు. ఆ ప్రకటనలకే ఇక్కడ ఎన్ని ఇళ్లలో నిద్రలు పోయాయో నాకు తెలుసు.

హైదరాబాద్ వాళ్లకు ఇది ముందే తెలియాల్సింది. 'లైఫ్ ఆఫ్ పై' గుర్తుందా? కెనడా రచయిత యాన్ మార్టెల్ నవల. స్టూడియో హాలీవుడ్‌ది. పడవలో ఆ పులిని ప్రాణమున్నట్టు తయారు చేసిన రిథమ్ అండ్ హ్యూస్ సంస్థకు వాంకూవర్‌లో శాఖ ఉండేది, హైదరాబాద్‌లోనూ శాఖ ఉండేది. సినిమా 60 కోట్ల డాలర్లు వసూలు చేసింది. 2013 ఫిబ్రవరిలో ఆ పనికి ఆస్కార్ వచ్చింది. అవార్డుకు రెండు వారాల ముందే ఆ సంస్థ దివాలా తీసింది. వేదిక మీద ఆ కష్టం చెప్పుకోబోతే సంగీతం మోగించి మాట ఆపేశారు. కథ కెనడాది, చెయ్యి మనది, లాభం ఇంకొకరిది.

రెండో ప్రమాదం కథ మీద హక్కు. మార్గరెట్ ఆట్‌వుడ్ కెనడా రచయిత్రి. ఆమె నవల 'ది హ్యాండ్‌మెయిడ్స్ టేల్'ను టొరంటో చుట్టుపక్కలే సిరీస్‌గా తీశారు. అయినా కెనడా నిబంధనల ప్రకారం అది కెనడా సిరీస్ కాదు. టొరంటోలో పెరిగిన డోమీ షీ, టొరంటోలోనే జరిగే కథగా 2022లో 'టర్నింగ్ రెడ్' తీసింది. అదీ కెనడా సినిమా కాదు. కారణం సూటిగా ఉంది. తీసిన సంస్థ, హక్కులు ఉన్న చెయ్యి కెనడాలో లేవు. ఇక్కడ కెనడా సినిమా అనిపించుకోవాలంటే నిర్మాత కెనడా వాడై ఉండాలి, పదింట ఆరు మార్కులు రావాలి. దర్శకుడికి 2, రచయితకు 2, మిగతా ముఖ్యులకు ఒక్కొక్కటి. కొందరు ఈ మార్కుల పద్ధతిని చూసి నవ్వుతారు. నవ్వేముందు ఆలోచించండి. ఊరు మనదైనా, రచయిత్రి మనదైనా, హక్కు కాగితం మనది కాకపోతే రెండో భాగం తీయాలో వద్దో చెప్పే అధికారం మనకుండదు. 2022 ఆగస్టులో వార్నర్ సంస్థ దాదాపు పూర్తయిన 'బ్యాట్‌గర్ల్' సినిమాను విడుదల చేయకుండానే అటకెక్కించింది. నటించినవాళ్లు, తీసినవాళ్లు ఏం చేయగలిగారు?

మూడో ప్రమాదం, ద్వారాలు తగ్గిపోవడం. 2019లో డిస్నీ 7,130 కోట్ల డాలర్లు పెట్టి ఫాక్స్‌ను మింగింది. 2022లో అమెజాన్ ఎంజీఎంను కొంది. 2025 ఆగస్టులో పారమౌంట్ స్కైడ్యాన్స్ చేతికి వెళ్లింది. ఆ డిసెంబర్లో వార్నర్ కోసం నెట్‌ఫ్లిక్స్, పారమౌంట్ పోటీ పడ్డాయి. రైతుబజారులో కొనేవాళ్లు పదిమంది ఉంటే టమాటాకు ధర పలుకుతుంది. ఇద్దరే మిగిలితే వాళ్లు చెప్పిందే ధర.

ఈ దేశపు టీవీ సంగతి చూడండి. కోరస్ అనే కెనడా సంస్థ ఏళ్ల తరబడి హెచ్‌జీటీవీ, ఫుడ్ నెట్‌వర్క్ ఛానళ్లను ఇక్కడ నడిపింది. వాటి పేర్లు, అమెరికా కార్యక్రమాలు వార్నర్ బ్రదర్స్ డిస్కవరీవి. ఆ సంస్థ 2025 జనవరి నుంచి వాటిని రోజర్స్ అనే మరో కెనడా సంస్థకు ఇచ్చేసింది. కోరస్ తన ఛానళ్లకు కొత్త పేర్లు పెట్టుకుని మళ్లీ మొదలుపెట్టాల్సి వచ్చింది. ఇన్నేళ్లూ పెంచిన పేరు కూడా అద్దెదేనని ఆ రోజు తేలింది.

మన సినిమాలకున్న ద్వారాలు ఇంకా ఇరుకు. కెనడాలో తెలుగు సినిమా కొద్ది థియేటర్ల మీదే ఆధారపడి ఉంది. 2025 సెప్టెంబర్ 25న ఓక్‌విల్‌లోని ఫిల్మ్.సీఏ సినిమాస్‌కు నిప్పు పెట్టబోయారు. సరిగ్గా వారానికి అక్టోబర్ 2న అక్కడే కాల్పులు జరిగాయి. ఆ థియేటరు 'ఓజీ', 'కాంతార' ఆటలు ఆపేసింది. ఒక్క తలుపు మూస్తే అంతా చీకటయ్యే స్థితిలో మనం ఉన్నామని అర్థం.

నాలుగో ప్రమాదం మన పేరుకే. 'ఆర్ఆర్ఆర్' 2022లో ప్రపంచమంతా చూసింది కదా అని పొంగిపోయాం. ప్రపంచం ఏ భాషలో చూసిందో ఆలోచించారా? నెట్‌ఫ్లిక్స్‌లో ఉన్నది హిందీ డబ్బింగ్. తెలుగుది వేరే వేదికలో ఉండిపోయింది. దాంతో కోట్లమంది విదేశీయుల దృష్టిలో అది హిందీ సినిమా అయింది. 2023లో అందులోని నాటు నాటు పాటకు ఆస్కార్ వచ్చిన సభలోనే వ్యాఖ్యాత దాన్ని బాలీవుడ్ సినిమా అన్నారు. అంతకు ముందే అమెరికాలో ఒక ప్రదర్శనలో రాజమౌళి నిలబడి, ఇది బాలీవుడ్ సినిమా కాదు, దక్షిణాది తెలుగు సినిమా అని చెప్పుకోవాల్సి వచ్చింది. అంత పెద్ద దర్శకుడికే ఆ అవసరం పడింది. టొరంటోను న్యూయార్క్ చేసినట్టే తెలుగును హిందీ చేశారు. ఎవరి మీదా పగబట్టి చేసింది కాదు. హక్కులు ఎటు పోతే పేరూ అటే పోతుంది.

కొరియా అనుభవమూ ఉంది. 2021లో 'స్క్విడ్ గేమ్' ప్రపంచాన్ని ఊపేసింది. ఆ కథను ఏళ్ల తరబడి మోసి రాసి తీసిన దర్శకుడు హక్కులన్నీ నెట్‌ఫ్లిక్స్‌కు రాసిచ్చేశాడు. సిరీస్ ఎంత ఆడినా మొదటి భాగంలో అతనికొచ్చింది ఒప్పుకున్న సొమ్మే. హైదరాబాద్‌లో ఓటీటీకి కథ అమ్ముతున్న యువ దర్శకులారా, సంతకం పెట్టేముందు ఈ ఒక్క సంగతి రెండుసార్లు చదవండి.

ఐదో ప్రమాదం మన పిల్లల బుర్రల్లో ఉంది. ఇది చాలామందికి తట్టదు. ఇక్కడి పిల్లలు పోలీసులను, కోర్టులను అమెరికా సీరియళ్లలో చూసి నేర్చుకుంటున్నారు. ఇక్కడ జడ్జి సుత్తి కొట్టడు. ఇక్కడ డిస్ట్రిక్ట్ అటార్నీ లేడు, ప్రభుత్వం తరఫున వాదించేది క్రౌన్. ఇవి చిన్న విషయాలు అనుకుందాం. పోలీసులు పట్టుకెళ్లినప్పుడు నా లాయరు వచ్చేదాకా ప్రశ్నలు ఆపండి, అతను నా పక్కన కూర్చోవాలి అని అడిగితే అమెరికాలో ఆపుతారు. కెనడాలో పోలీసులు పట్టుకున్నవాళ్లకు ముందుగా లాయరుతో మాట్లాడుకునే హక్కు ఉంది, మౌనంగా ఉండే హక్కు ఉంది. ప్రశ్నించినంతసేపూ లాయరు పక్కనుండాలనే హక్కు మాత్రం లేదని ఇక్కడి సుప్రీంకోర్టు 2010లో సింక్లెయిర్ కేసులో చెప్పింది. సీరియల్‌ను నమ్మి గదిలో కూర్చున్న పిల్లవాడు ఏం మాట్లాడతాడో ఊహించండి. సాక్షిగా పిలిస్తే ఆ సీరియళ్లలోలా 'ఫిఫ్త్' అని, జవాబు చెప్పనని తప్పుకోవడమూ ఇక్కడ కుదరదు. జవాబు చెప్పాల్సిందే. ఆ జవాబును మరో కేసులో అతని మీదే నేరం మోపడానికి వాడకుండా కెనడా హక్కుల చార్టర్ కాపాడుతుంది. తల్లిదండ్రులారా, ఈ నాలుగు మాటలూ ఈ రాత్రే మీ ఇంట్లో చెప్పండి.

ఇక్కడ పుట్టిన మన పిల్లలకు తమ ఊరు కథలకు పనికొచ్చే ఊరు కాదన్న భావం మెల్లగా పట్టుకుంటుంది. కథలన్నీ న్యూయార్క్‌లో, లాస్ ఏంజెలెస్‌లో జరుగుతాయి. విన్నిపెగ్ చలి, స్కార్‌బరో బస్సు, సర్రే గురుద్వారా పక్కవీధి తెర మీద కనిపించవు. తాతల ఊరు ఎలాగూ కనిపించదు. ఇంగ్లీషు కెనడాలో దేశవాళీ సినిమాలకు దక్కేది బాక్సాఫీసు వసూళ్లలో మామూలుగా నూటికి రెండు రూపాయలు కూడా ఉండదు. అదే క్విబెక్ చూడండి. అక్కడి వాళ్లు తమ ఫ్రెంచి సీరియళ్లు, తమ తారలు, తమ సినిమాలు చూస్తారు, వాటి వాటా ఎన్నో రెట్లు ఎక్కువ. వాళ్లను కాపాడుతున్నది భాష, దానికి తోడు ఆ భాష కోసం పట్టుబట్టే ప్రభుత్వం. భాష విలువ తెలుగువాడికి ఒకరు చెప్పాలా?

ఇప్పుడు గమనించాల్సిన గుర్తులు చెప్తాను. మీ కంపెనీకొచ్చే పని అంతా ఒకే స్టూడియో నుంచి వస్తుంటే, అది గుర్తు. కాంట్రాక్టులు ఏడాది నుంచి ఆరునెలలకు, ఆరు నుంచి మూడుకు కుదించుకుపోతుంటే, అది గుర్తు. జీతం రెండుసార్లు ఆలస్యమైతే మూడోసారి కోసం ఎదురుచూడకండి. సరదాకో ఖర్చులకో బ్యాక్‌గ్రౌండ్ పాత్రలకు వెళ్లే పిల్లలూ, మిమ్మల్ని గుండ్రటి కెమెరాల మధ్య నిలబెట్టి ఒళ్లంతా స్కాన్ చేస్తామంటే, ఏ సినిమాకు, ఎన్నాళ్లకు, మళ్లీ వాడితే డబ్బెంత అని రాతపూర్వకంగా అడగండి. 2023 సమ్మెలో నటులు అన్నాళ్లు వీధిలో నిలబడ్డ కారణాల్లో ఇదొకటి. మీరు చూస్తున్న వేదికలో తెలుగు సినిమాకు తెలుగు ఆడియో బదులు హిందీయే ముందుకొస్తుంటే, అది గుర్తు. మీ చందా ధర పెరుగుతూ, మీ దేశంలో తీసినవి తగ్గుతూ ఉంటే, అదీ గుర్తే.

మరి ఏం చేద్దాం? అసాధ్యమైనవేమీ అడగను.

కోర్సుల కోసం వచ్చేవాళ్లు డబ్బు కట్టేముందు ఒక్క పని చేయండి. 2024 నవంబర్ 1 నుంచి స్టడీ పర్మిట్‌కు దరఖాస్తు చేసే కాలేజీ డిప్లొమా విద్యార్థులకు, ఆ కోర్సు ప్రభుత్వ జాబితాలో ఉంటేనే చదువయ్యాక వర్క్ పర్మిట్ వస్తుంది. మీ కోర్సు ఆ జాబితాలో ఉందో లేదో ఏజెంటును కాకుండా ప్రభుత్వ వెబ్‌సైటును అడగండి. వీఎఫ్ఎక్స్‌తో పాటు ఇంకో పని కూడా చేతిలో ఉంచుకోండి. ఆరునెలల ఇంటి ఖర్చు పక్కన పెట్టకుండా కారు కొనకండి.

కథలు రాసేవాళ్లు హక్కులన్నీ ఒక్క సంతకంతో ధారపోయకండి. భాష, దేశం, కాలం విడివిడిగా రాయించుకోండి. 'షిట్స్ క్రీక్' అనే చిన్న కెనడా సిరీస్‌ను ఇక్కడి ప్రభుత్వ ప్రసార సంస్థ సీబీసీ 2015లో మొదలుపెట్టింది. నెట్‌ఫ్లిక్స్‌లో పడ్డాక ప్రపంచానికి తెలిసింది. 2020లో ఒకే ఏడాది తొమ్మిది ఎమ్మీలు గెల్చుకుంది. తర్వాత అమెరికాలో అది నెట్‌ఫ్లిక్స్ వదిలి హులూకు మారింది. కథ కెనడాలో పుట్టింది, వేదిక దానికి బండి అయింది. పెద్దవాళ్లతో పనిచేయొద్దని నేను అనకపోవడం ఇందుకే. బండెక్కండి, ఇంటి పత్రాలు మాత్రం బండివాడికి ఇవ్వకండి. తెలుగులో 'ఆహా' లాంటి సొంత వేదిక 2020 ఉగాదికి మొదలైంది. లోపాలుంటే తిట్టండి, కానీ బతకనివ్వండి. రెండో కొనుగోలుదారు ఉంటేనే మొదటివాడు ధర ఇస్తాడు.

చూసేవాళ్లు నెలకో సాయంత్రం ఇక్కడి కథకు ఇవ్వండి. సీబీసీ జెమ్ ఉచితంగా చూడొచ్చు. 1939లో పుట్టిన నేషనల్ ఫిల్మ్ బోర్డు తన సినిమాలు వేలల్లో ఉచితంగా పెట్టింది. దీపా మెహతా 'వాటర్' హిందీ సినిమా. 2007 ఆస్కార్ పోటీలో అది కెనడా తరఫున నిలబడింది. ఈ దేశం తన సొమ్ముతో, తన పేరుతో మన భాషల కథను కూడా తనదనగలదు. రేపు ఒక తెలుగు సినిమా అలా నిలబడకూడదా? నిలబడాలంటే ఆ సొమ్ము, ఆ నిబంధనలు మిగలాలి.

అవే ఇప్పుడు ప్రమాదంలో ఉన్నాయి. 2023 ఏప్రిల్ 27న ఆన్‌లైన్ స్ట్రీమింగ్ చట్టం వచ్చింది. దాని కింద 2024 జూన్‌లో కెనడా ప్రసారాల నియంత్రణ సంస్థ సీఆర్‌టీసీ ఒక ఆదేశం ఇచ్చింది. కెనడాలో ఏటా 2.5 కోట్ల డాలర్లకు పైగా ఆదాయమున్న స్ట్రీమింగ్ సంస్థలు అందులో 5 శాతం ఇక్కడి కథలకు, వార్తలకు, సంగీతానికి ఇవ్వాలని చెప్పింది. కేబుల్ కంపెనీలు ఎప్పటినుంచో ఇలా ఇస్తూనే ఉన్నాయి. స్టూడియోల సంఘం, పెద్ద సంస్థలు కోర్టుకెక్కాయి. ఆ డిసెంబర్లో ఫెడరల్ అప్పీలు కోర్టు చెల్లింపులు తాత్కాలికంగా ఆపింది. 2020 జూలై 1న అమల్లోకొచ్చిన ఉత్తర అమెరికా వాణిజ్య ఒప్పందానికి ఆరేళ్లకు సమీక్ష ఉంది. ఈ స్ట్రీమింగ్ చట్టాన్ని అమెరికా ఆ బేరంలోకి లాగుతోంది. కార్లు, కలప, ఉక్కు పక్కన పెట్టి చూస్తే కథలు తేలిగ్గా కనిపిస్తాయి. తేలిగ్గా ఉన్నదాన్నే ముందు వదిలేస్తారు. 1948లో పిట్ట పేరుకు వదిలారు, 1988లో వాణిజ్యం కోసం వదిలారు. మూడోసారి వదలకుండా చూడాల్సింది ఓటున్న మనమే.

చందాలు మనం కడుతున్నాం. పన్ను రాయితీల సొమ్మూ మన పన్నుల్లోంచే వెళ్తోంది. కూలి దొరికితే చాలని అడగకుండా ఊరుకోకండి. విత్తనానికి కూడా కొంత ఉంచమని అడగండి.

ఆ రోజు షూటింగ్ చీకటిపడేదాకా సాగింది. సాయంత్రం మళ్లీ వెళ్లి చూశాను. నీలం డబ్బాను ఇద్దరు కుర్రాళ్లు చెరో చేత్తో ఎత్తి లారీలో పడేశారు, లోపల అంతా డొల్ల. ఎర్ర డబ్బా మీద గుడ్డ తీసేశారు. పొద్దుటి నుంచి జేబులో ఉన్న ఉత్తరం అందులో వేశాను. అది మా ఎంపీకి రాసినది, ఈ 5 శాతం సంగతి మీదే. పార్లమెంటులో ఉన్న ఎంపీకి రాస్తే స్టాంపు కూడా అక్కర్లేదు. మీ వీధి మొగలోనూ ఒక ఎర్ర డబ్బా ఉంటుంది. ఈ వారంలోనే ఒక కాగితం తీసుకోండి.